తెరమీది సాహసం, దారిమీది చాకిరీ

లారీ నడిపే స్త్రీ తెరమీద కనిపించినప్పుడల్లా ఆమెను ఒక వింతగానే చూపుతున్నారు. అమెరికాలోని హిస్టరీ ఛానల్ వారి "ఐస్ రోడ్ ట్రక్కర్స్" ధారావాహికలో 2009లో లీసా కెల్లీ అనే డ్రైవరు ప్రవేశించారు. అలాస్కాలో చమురు క్షేత్రాలకు పోయే 414 మైళ్ల డాల్టన్ రహదారిపై, మంచులో, ఆమె భారీ ట్రక్కు నడిపారు. మరుసటి సంవత్సరం అదే ఛానల్ ఆమెను, మరికొందరు డ్రైవర్లను మన దేశానికి రప్పించి, ఢిల్లీ నుండి సిమ్లాకు, ఆపైన హిమాలయాలలోని కొండదారులకు పంపి, అవి అత్యంత ప్రాణాంతకమైన రోడ్లని చూపింది.

ఆమె నైపుణ్యాన్ని మేము తక్కువ చేయడంలేదు. "ఆడవారికి ఈ పని ఎందుకు?" అనే సోదరులు మన సంఘాలలోనే ఇంకా ఉన్నారు, వారు ఆ చిత్రాన్ని ఒకసారి చూడటం మంచిది. మా అభ్యంతరం వేరు. అతిథులకు ప్రాణగండమైన ఆ దారి మన డ్రైవరుకు, క్లీనరుకు దినచర్య. ఏటా ఆపిల్ పెట్టెలు దిగివచ్చేది ఆ కొండలమీదినుండే. అయినా కథ అతిథులదే అయినది.

ఇటువంటి చిత్రాలు మలుపుల వద్ద గుండెదడ పుట్టిస్తాయి. మజిలీ వద్ద ఆగవు. పురుషుడు ధాబా ముందు నులకమంచంపై నడుము వాల్చి, తెల్లవారుజామున బోరింగు వద్ద స్నానం ముగించుకొని సాగిపోగలడు. స్త్రీ క్యాబిన్ తలుపులు బిగించుకొని పడుకోవాలి. మరుగుదొడ్డి ఎక్కడ దొరుకునో తెలియక పగలంతా నీళ్లు త్రాగడం తగ్గించుకోవాలి. ఇందులో సాహసమేమున్నది?

1961 నాటి మోటారు రవాణా కార్మికుల చట్టం రోజుకు 8 గంటల పని అన్నది. రాత్రి మజిలీ చేయవలసిన చోట విశ్రాంతి గదులు ఉండాలన్నది. ఐదుగురు కార్మికులున్న సంస్థకు అది వర్తించేది. 2025 నవంబరు 21న అమలులోకి వచ్చిన వృత్తి భద్రత, ఆరోగ్యం, పని పరిస్థితుల కోడ్ ఆ చట్టం స్థానాన్ని ఆక్రమించి, ఐదును పదిగా మార్చింది. లెక్క చూడండి. నాలుగు లారీల యజమాని వద్ద నలుగురు డ్రైవర్లు, నలుగురు క్లీనర్లు, వెరసి ఎనిమిదిమంది. నిన్న చట్టం లోపల ఉన్నవారు నేడు వెలుపల పడ్డారు. స్త్రీ సమ్మతితో రాత్రిపని చేయించవచ్చునని, ఆమె భద్రత యజమాని చూడాలని కూడా ఆ కోడ్ చెబుతున్నది. అర్ధరాత్రి నాగపూర్ దాటుతున్న లారీలో ఆ భద్రత చూసేదెవరు? 2025 అక్టోబరు 1 నుండి తయారయ్యే లారీలకు ఏసీ క్యాబిన్ తప్పనిసరి చేశారు. సంతోషమే. క్యాబిన్ దిగిన తరువాతి సంగతి మిగిలే ఉన్నది.

పదిమంది అనే హద్దును రవాణా రంగంలో తొలగించాలని, ప్రతి లారీ మజిలీలో స్త్రీలకు గడియ పడే గది, మరుగుదొడ్డి నిర్మించాలని మన కోర్కెల పత్రంలో చేర్చాలి. దానికి ముందు, మన సంఘ కార్యాలయాలలో స్త్రీలకు మరుగుదొడ్డి ఉన్నదో లేదో శాఖా కార్యదర్శులు చూచి మాకు వ్రాయవలసినదిగా కోరుతున్నాము.