క్రికెట్ మీద పడి ఏడవకండి

మన ఫుట్‌బాల్ ఎందుకిలా తయారైందని ఎవరినడిగినా ఒకటే జవాబు: క్రికెట్ మింగేసింది. టీవీ చర్చల్లో అదే మాట, పత్రికల్లో అదే మాట. ఢాకాలో బంగ్లాదేశ్ చేతిలో ఓడిపోయి తలవంచుకున్న మర్నాడూ అదే మాట. చెప్పేవాడికి సుఖం, వినేవాడికి సుఖం. ఎవరూ ఎవరికీ లెక్క చెప్పనక్కర్లేదు. అందుకే అది ఇన్నేళ్లుగా చెలామణీ అవుతోంది.

తేదీలు మాత్రం ఒప్పుకోవు. మన జట్టు ఒలింపిక్స్‌లో చివరిసారి ఆడింది 1960లో, రోమ్‌లో. ఆసియా క్రీడల్లో చివరి స్వర్ణం 1962లో, జకార్తాలో. ఆసియా కప్‌లో రెండో స్థానం 1964లో. ఆసియా క్రీడల్లో ఆఖరి పతకం, అదీ కాంస్యం, 1970లో. కపిల్ దేవ్ లార్డ్స్‌లో కప్పు అందుకున్నది 1983లో. హత్య జరిగిన పదమూడేళ్లకు ఊళ్లో దిగినవాణ్ణి పట్టుకుని హంతకుడంటే ఏ కోర్టు నమ్ముతుంది? కాదు, 1971లో వాడేకర్ జట్టు వెస్టిండీస్‌లోనూ ఇంగ్లండ్‌లోనూ గెలిచినప్పుడే మోజు మొదలైందంటారా? సరే అనుకుందాం. మరి 1977లో పీలే వచ్చినప్పుడు ఈడెన్ గార్డెన్స్, అదీ క్రికెట్ మైదానం, ఫుట్‌బాల్ జనంతో ఎలా కిక్కిరిసింది? అంతెందుకు, 1997 జూలైలో, సచిన్ హవా నడుస్తున్న రోజుల్లో, మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్ సెమీఫైనల్ చూడ్డానికి సాల్ట్ లేక్ స్టేడియానికి లక్షా ముప్పై వేల మందికి పైగా వచ్చారు. జనం ఎక్కడికీ పోలేదు. పోయింది వేరే.

ఏం పోయిందో తెలియాలంటే కోల్‌కతా దాకా పోనక్కర్లేదు, హైదరాబాద్ చాలు. సయ్యద్ అబ్దుల్ రహీం బడిపంతులు. ఆయన కోచ్‌గా ఉన్న హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 వరకు వరసగా అయిదేళ్లు రోవర్స్ కప్ కొట్టింది. హైదరాబాద్ 1956-57, 1957-58 సీజన్లలో సంతోష్ ట్రోఫీ గెలిచింది. మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచిన జట్టుకు ఆయనే కోచ్. జకార్తా స్వర్ణం కూడా ఆయన చేతి మీదుగా వచ్చిందే. ఆ ఫైనల్లో తలకు కుట్లతో దిగిన జర్నైల్ సింగ్‌ను డిఫెన్స్ నుంచి తీసి ముందుకు పంపితే అతను గోల్ కొట్టాడు. దక్షిణ కొరియా మీద 2-1తో గెలిచాం. ‘మైదాన్’ సినిమా వచ్చాక ఇదంతా చాలామందికి తెలిసింది. సినిమా వల్ల ఆ మేలు జరిగింది.

నాకు పతకాల కంటే ఆయన పనిచేసిన తీరు ముఖ్యం. కుడికాలి వాటం ఉన్నవాడు ఎడమకాలితోనే ఆడి తీరాలని నియమం పెట్టి రహీం పోటీలు నడిపేవాడు. డ్రిబ్లింగ్ చేయకూడదు, బంతి అందగానే పాస్ ఇచ్చేయాలి అన్న షరతుతో ఇంకో రకం పోటీలు. సొగసుగా నలుగురిని తప్పించి చప్పట్లు కొట్టించుకునే కుర్రాడికి అలాంటి పోటీ చేదుమాత్రే. కానీ ఎడమకాలు కూడా కాలేనని వాడికి తెలిసేది అక్కడే. దానికి అద్దాల స్టేడియం, విదేశీ ఫిజియో అక్కర్లేదు. ఒక మైదానం, కాసిని జట్లు, తన పని తెలిసిన పంతులు ఉంటే చాలు.

1963 జూన్‌లో రహీం క్యాన్సర్‌తో పోయాడు. ఆయన పద్ధతిని రాసిపెట్టి, పదిమంది పంతుళ్లకు నేర్పి, జిల్లాలకు పంపాల్సిన పని అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్యది. ఆ పని జరిగి ఉంటే తర్వాతి అరవై ఏళ్లు ఆయన ఫొటోకు దండలేసుకుంటూ గడిపేవాళ్లం కాదు. లోకమంతా 90 నిమిషాలు ఆడుతుంటే ఆ రోజుల్లో మన దేశవాళీ టోర్నీల్లో మ్యాచ్ 70 నిమిషాలే. ఆఖరి ఇరవై నిమిషాల్లో మనవాళ్లు చతికిలబడటానికి వంశపారంపర్య బలహీనత కారణమని చెప్పుకున్నాం. సాకులు వెతకడంలో మనకు అనుభవం పాతదే. 1950 ప్రపంచ కప్‌కు బూట్లు లేక వెళ్లలేదన్న కథ నేటికీ తిరుగుతూనే ఉంది. సమాఖ్యకు ఒలింపిక్స్ మీదే గురి తప్ప ప్రపంచ కప్‌ను లెక్కచేయలేదని అప్పటి కెప్టెన్ శైలేన్ మన్నా తర్వాత చెప్పాడు. ఆ మాట ఎవరికి కావాలి?

వేరే పెద్ద ఆట ఉన్న దేశంలో ఫుట్‌బాల్ బతకదన్న వాదన జపాన్ పేరెత్తగానే నీరుగారిపోతుంది. మనకు క్రికెట్ ఎంతో జపాన్‌కు బేస్‌బాల్ అంత. కొరియాకూ అంతే. అయినా జపాన్ 1965లోనే జాతీయ లీగ్ మొదలుపెట్టింది. 1968 మెక్సికో ఒలింపిక్స్‌లో కాంస్యం తెచ్చుకుంది. 1993లో జె-లీగ్ పెట్టినప్పుడు కంపెనీ పేర్లు పక్కన పెట్టి ఊరి పేరే ముందుండాలని పట్టుబట్టింది. పది క్లబ్బులతో మొదలైన లీగ్‌లో ఇప్పుడు మూడు అంచెల్లో అరవై ఉన్నాయి. గెలిచినవాడు పై మెట్టుకు, ఓడినవాడు కింది మెట్టుకు. జకార్తాలో మన చేతిలో ఓడిన కొరియా 1983లో ప్రొఫెషనల్ లీగ్ తెచ్చుకుంది. అవును, మనం లార్డ్స్ విజయానికి పొంగిపోయిన అదే ఏడాది. మన దేశానికి తొలి జాతీయ లీగ్ ఎప్పుడొచ్చింది? 1996లో. ఈ జాప్యం గావస్కర్ చేశాడా, గంగూలీ చేశాడా?

డబ్బంతా క్రికెట్‌కే పోతోందన్న వాదన ఒకప్పుడు నిజమే. కానీ డబ్బు వచ్చాక ఏం చేశామో కూడా చెప్పుకోవాలి కదా. 2010లో సమాఖ్య పదిహేనేళ్లకు 700 కోట్ల రూపాయల ఒప్పందం చేసుకుంది. దాని మీద 2014లో ఇండియన్ సూపర్ లీగ్ లేచింది. డెల్ పియెరో వచ్చాడు, పిరెస్ వచ్చాడు, ట్రెజెగే వచ్చాడు. అందరూ ఆట ముగించుకుంటున్న వయసులో వచ్చినవాళ్లే. జనం చూశారు, సంబరపడ్డారు, తప్పులేదు. కానీ ఆ లీగ్‌లో ఏళ్ల తరబడి ఎంత చెత్తగా ఆడినా కింది మెట్టుకు దిగే పనే ఉండేది కాదు. కింద గెలిచినవాడికి పైకి తలుపు తెరవడానికే దాదాపు పదేళ్లు పట్టింది. ఈలోగా డెంపో, సాల్గావ్‌కర్, స్పోర్టింగ్ క్లబ్ డి గోవా ఈ ఏర్పాటు మీద నిరసనగా 2016లో పాత జాతీయ లీగ్ వారసురాలైన ఐ-లీగ్ నుంచి తప్పుకున్నాయి. అయిదుసార్లు జాతీయ విజేత అయిన డెంపో లాంటి క్లబ్బు పక్కకు జరిగితే ఏ క్రికెట్ బోర్డు మీద కేసు పెడదాం?

మన ఊరి ముచ్చటే చూడండి. ట్రెజెగే ఆడిన పుణె సిటీ మూతపడితే ఆ చోట 2019లో హైదరాబాద్ ఎఫ్‌సీ పుట్టింది. 2021-22లో ఏకంగా ఛాంపియన్ అయింది. రహీం ఊరికి మళ్లీ రోజులొచ్చాయని పొంగిపోయాం. రెండేళ్లు తిరక్కుండానే జీతాల బకాయిలు, ఫిఫా ఆంక్షలు, ఆటగాళ్లు తలోదారి. యాజమాన్యం మారింది. 2025లో జట్టు మూటాముల్లె సర్దుకుని ఢిల్లీ వెళ్లి పేరు కూడా మార్చుకుంది. డెబ్బై ఏళ్ల కింద పోలీసు జట్టుకు జనం జేజేలు కొట్టిన ఊళ్లో, మొన్నటి ఛాంపియన్ వెళ్లిపోతుంటే గట్టిగా అడ్డుపడిన గొంతు వినపడలేదు. వినపడుతుందా? కాలనీ పిల్లాడెవడూ మెట్లెక్కి ఆ జట్టులోకి వచ్చేలా ఎవరూ దారి వేయలేదు. పై నుంచి ఊడిపడింది, పైకే పోయింది. అదే ఏడాది ఆ 700 కోట్ల ఒప్పందం గడువు తీరింది. కొత్త టెండరు పిలిస్తే ఒక్క బిడ్ కూడా రాలేదు. సీజన్ వేళకు మొదలే కాలేదు.

నిజానికి క్రికెట్‌ను తిట్టే బదులు కాపీ కొట్టాలి. మా హైదరాబాద్ క్రికెట్ సంఘం పవిత్ర క్షేత్రమేమీ కాదు, దాని కోర్టు గొడవలు అందరికీ తెలిసినవే. అంత గందరగోళంలోనూ ఆటో డ్రైవర్ కొడుకు మహమ్మద్ సిరాజ్ 2015లో రంజీ ఆడాడు, 2020లో మెల్‌బోర్న్‌లో టెస్టు ఆడాడు. క్లబ్బు, రంజీ, ఇండియా: మెట్లు అరిగినవే కావచ్చు, ఉన్నాయి. అదే పేటలో బంతిని కాలితో తన్నే కుర్రాడికి పన్నెండో ఏట నుంచి పద్దెనిమిదో ఏట వరకు ప్రతి వారం ఆడే లీగ్ ఎక్కడుందో చూపించండి. వేసవి శిబిరం, బడి టోర్నీ, రెండు ఓటములు, ఇంటికి. నాకౌట్ పోటీలో తొలి రోజే ఓడితే ఆ ఏటికి ఫుట్‌బాల్ అయిపోయినట్టే. అలా పెరిగినవాడు 2025 అక్టోబరులో గోవాలో సింగపూర్ మీద ఎలా గెలుస్తాడు? గెలవలేదు. 1-2తో ఓడి 2027 ఆసియా కప్‌కు దూరమయ్యాం. అరవై లక్షల జనాభా ఉన్న సింగపూర్ మన 140 కోట్లను ఓడించిందని గుండెలు బాదుకున్నారు. జనాభా లెక్కలు గోల్ కొట్టవు. ఆడేవాళ్ల లెక్క చూడండి.

2024 డిసెంబరులో సంతోష్ ట్రోఫీ ఆఖరి పోటీలు హైదరాబాద్‌లోనే జరిగాయి. గచ్చిబౌలిలో ఫైనల్ ఆడినవి బెంగాల్, కేరళ. ఆ రెండు చోట్లా క్రికెట్ పిచ్చికేం లోటు లేదు. ఆతిథ్యమిచ్చిన తెలంగాణ గ్రూప్ దశ దాటలేదు. ఆరు నెలలకు మన మహిళల జట్టు థాయ్‌లాండ్‌ను వాళ్ల గడ్డ మీదే ఓడించి, తొలిసారిగా అర్హత పోటీల్లో గెలిచి ఆసియా కప్‌లో చోటు సంపాదించింది. ఆ ఏటి సమాఖ్య ఉత్తమ క్రీడాకారిణి గుగులోత్ సౌమ్యది నిజామాబాద్ జిల్లా. సౌమ్య తర్వాత ఆ జిల్లా నుంచి వచ్చే ఆడపిల్లకు వారం వారం ఆడేందుకు లీగ్ ఉందా అని జిల్లా ఫుట్‌బాల్ సంఘాన్నీ, రాష్ట్ర సంఘాన్నీ, క్రీడాశాఖనూ అడగండి. ఈ ప్రశ్నకు క్రికెట్ అని జవాబు చెప్పడం ఎవరి తరమూ కాదు.