మావాడి గోల, నా చెవులు

ఈసారి వంటల గురించి కాదు, మా అబ్బాయి వినే పాటల గురించి. నవ్వకండి.

వాడికి పదహారేళ్ళు. వాడి గదిలోంచి వచ్చే చప్పుడు వింటే మిక్సీ జార్‌లో చెంచా పడిందేమో అనిపించేది. నైట్ డ్యూటీ చేసొచ్చి పడుకోవాలి కదా, "ఆ దయ్యాల గోల ఆపరా" అని తిట్టేదాన్ని. కొన్నాళ్ళకి వాడు గోలతో పాటు నాతో మాటలూ ఆపేశాడు. హెడ్‌ఫోన్స్, తలుపు గడియ. అప్పుడు నాకు భయమేసింది.

ఓ ఆదివారం నేనే వెళ్ళి కూర్చుని "సరే, మంచిదొకటి పెట్టు" అన్నా. 'డెత్' అనే బ్యాండ్ 1991లో చేసిన 'హ్యూమన్' పెట్టాడు. ఎనిమిది పాటలు, 34 నిమిషాలు. "ఎంపీత్రీ కాదమ్మా, ఫ్లాక్‌లో వినాలి" అన్నాడు.

ఫ్లాక్ అంటే ఏంటో మనకి తెలిసిన లెక్కలో చెప్తా. ఇండియా నుంచి వచ్చేటప్పుడు 23 కిలోల కోసం కొన్ని తీసి అమ్మ దగ్గరే వదిలేస్తాం చూడండి, అది ఎంపీత్రీ. చెవికి తెలీదులే అనుకున్న శబ్దాలు తీసేస్తుంది, అవి మళ్ళీ రావు. చీరల్ని వాక్యూమ్ బ్యాగ్‌లో పెట్టి గాలి లాగేస్తాం కదా, అది ఫ్లాక్. విప్పితే ఒక్క పోగు పోదు. సీడీలో సెకనుకి 44,100 సార్లు కొలిచిన శబ్దం ఉన్నదున్నట్టు వస్తుంది.

రెండూ మార్చి మార్చి వినిపించాడు. డ్రమ్స్ వాయించిన షాన్ రైనర్ట్‌కి అప్పటికి ఇరవై ఏళ్ళే. వాడి దగ్గరున్న పాత ఎంపీత్రీలో ఆ తాళాలు నూనెలో వేగుతున్నట్టు సరసరలాడాయి. ఫ్లాక్‌లో ఒక్కో దెబ్బ విడివిడిగా వినిపించింది! బాస్ గిటార్ మాత్రం పాత మిక్స్‌లోనే అణిగిపోయిందట, 2011లో మళ్ళీ మిక్స్ చేశాక పైకొచ్చింది. అసలు రికార్డులోనే అణిగిందాన్ని ఫ్లాక్ మాత్రం ఏం లేపుతుంది?

అరుపులు నాకింకా నచ్చలేదు. కానీ 'సూసైడ్ మెషీన్' అన్న పేరు చూసి గుండె జారిపోయింది. మాటలు చదివి వినిపించమన్నా. నేను భయపడ్డది కాదు. నయంకాని రోగి బాధ, ఇక చాలని చెప్పే హక్కు. నేను రాత్రుళ్ళు ఐసీయూలో చూసేదే! వెంటిలేటర్ మీదున్న తల్లి పక్కన ఓ కూతురు "మీరైతే ఏం చేస్తారు" అని నన్నడిగిన రాత్రి గురించి వాడికి మొదటిసారి చెప్పా. హెడ్‌ఫోన్స్ తీసి విన్నాడు.

ఆ పాట పాడిన చక్ షుల్డినర్ 2001 డిసెంబర్ 13న బ్రెయిన్ స్టెమ్‌లో గడ్డతో పోయాడు. 34 ఏళ్ళు. వైద్యానికి అభిమానులు చందాలు వేశారు.

మీరు వింటానంటే 'కాస్మిక్ సీ'తో మొదలెట్టండి, అందులో అరుపుల్లేవు. నిన్న డ్యూటీకి వెళ్తూ లాస్ కొలీనస్ దగ్గర 114 మీద అదే పెట్టుకున్నా. కార్లో బ్లూటూత్ మీదే లెండి, మావాడికి తెలిస్తే తిడతాడు.