జీరో టికెట్ కూడా పెట్టుబడే!

మొన్న ఉప్పల్ నుంచి నాచారం వెళ్లే బస్సులో నిలబడి ఉన్నాను. కండక్టరమ్మ జీరో టికెట్ చేతిలో పెట్టిందో లేదో, వెనక సీట్లోంచి ఓ పెద్దాయన అందుకున్నాడు. "ఆడోళ్లందర్నీ ఇట్ల ఫ్రీగ తిప్పుకుంట పోతే ఇగ రోడ్లెప్పుడేస్తరు, ఫ్లైఓవర్లెప్పుడు కడ్తరు?" నా పక్కన టిఫిన్ డబ్బా పట్టుకుని నిలబడ్డ అమ్మాయి ఏదో తప్పు చేసినట్టు తల దించుకుంది. నాచారం పారిశ్రామికవాడలో పనిచేస్తుందట.

పెద్దాయన ప్రశ్న తప్పని అనను. కానీ అది సగం ప్రశ్నే!

మన ఇంటి లెక్కే చూడండి. బియ్యం, పాలు, కరెంటు బిల్లు నెలనెలా అయిపోయే ఖర్చులు. ఫ్రిజ్ కొన్నా, మేడమీద గది వేసినా ఏళ్లపాటు నిలుస్తాయి. ప్రభుత్వానికీ అంతే. జీతాలు, పింఛన్లు, సబ్సిడీలు, ఆసుపత్రి మందులు, అప్పుల మీద వడ్డీలు రెవెన్యూ వ్యయం. వంతెనలు, భవనాలు మూలధన వ్యయం. బడ్జెట్లో రెవెన్యూ ఖర్చును విడిగా చూపాలని రాజ్యాంగం 202వ అధికరణం రాష్ట్రాలకు చెబుతోంది. 2023 డిసెంబరు 9న మొదలైన మహాలక్ష్మి పథకం కింద మన టికెట్ డబ్బు ప్రభుత్వం ఆర్టీసీకి కట్టాలి. అదీ రెవెన్యూ వ్యయమే.

చిక్కేమిటంటే కట్టింది కంటికి కనిపిస్తుంది, నడిపించేది కనిపించదు. 2018లో శంకుస్థాపన జరిగిన ఉప్పల్-నారపల్లి ఎలివేటెడ్ కారిడార్ స్తంభాల కింద ఏళ్ల తరబడి దుమ్ము తిన్నాం. మూలధన వ్యయం అన్నంత మాత్రాన ఫలితం వెంటనే చేతికొచ్చేయదని మనకు తెలియనిదా? మా బంధువుల ఊళ్లో ఓ ఆసుపత్రికి కొత్త భవనం కట్టారు. రంగులు బాగున్నాయి గానీ, మా పిన్ని వెళ్లిన రోజున బి.పి. చూసే నర్సు లేదు. భవనం మూలధనం, నర్సమ్మ జీతం రెవెన్యూ. రెండోది లేకపోతే మొదటిది ఉత్త గోడలే కదా!

పైగా ఈ డబ్బు ఎక్కడికీ ఎగిరిపోదు. అంగన్‌వాడీ టీచరు గౌరవ వేతనం వీధి చివరి కిరాణా కొట్టుకు చేరుతుంది. కొట్టాయన దాంతో సరుకు తెస్తాడు, ఆటోకు కిరాయి ఇస్తాడు. ఒకరి ఖర్చు మరొకరి ఆదాయమవుతుందని ఆర్థికవేత్త కీన్స్ 1936లో పుస్తకమే రాశాడు. చేతిలో డబ్బు తక్కువున్న వాళ్లకు అందిన రూపాయి తొందరగా చేతులు మారుతుంది. బజారు కళకళలాడేది అందుకే.

అలాగని రెవెన్యూ ఖర్చంతా మంచిదేనా? కాదు. కట్టిన వడ్డీతో కొత్త బస్సు రాదు, నర్సూ రాదు. రాబడి చాలక రోజువారీ ఖర్చులకూ అప్పు చేస్తే దాన్ని రెవెన్యూ లోటు అంటారు. మన పెద్దలు 'అప్పు చేసి పప్పు కూడు' అన్నది దీన్నే. ఇల్లు కట్టుకోవడానికి చేసే అప్పు వేరు, ఉప్పూ పప్పూ కొనడానికి చేసే అప్పు వేరు. ఆర్టీసీకి ఇవ్వాల్సింది వేళకు ఇవ్వకపోయినా కష్టమే. ఉన్న బస్సులకు మరమ్మతులుండవు, కొత్తవి రావు. ఉచితం అని ఎక్కి ఫుట్‌బోర్డు మీద వేలాడాల్సింది మళ్లీ మనమే!

అందుకే బడ్జెట్ వార్త వచ్చినప్పుడు పేజీ తిప్పేయకండి. రెవెన్యూ ఖర్చులో జీతాలకెంత, వడ్డీకెంత, మన ఆరోగ్యానికీ చదువుకీ ప్రయాణానికీ ఎంత అని వెతకండి. ఇంటి పద్దు రాసే చేతికి ఇదేమంత కష్టం కాదు.

దిగే ముందు ఆ అమ్మాయిని అడిగాను. "బస్సు పైసలు మిగులుతున్నాయి కదా, ఏం చేస్తున్నావమ్మా?"

"చీటీ కడుతున్న ఆంటీ. ఎత్తినంక కుట్టుమిషన్ కొంట."

చూశారా! సర్కారు లెక్కలో అది రెవెన్యూ వ్యయం. ఆ పిల్ల లెక్కలో అదే రేపటి పెట్టుబడి. పెద్దాయన విన్నాడో లేదో మరి!