కూతురి సంతకం

రుద్రమదేవి అనగానే మనకి గుర్రం, కత్తి, డాలు గుర్తొస్తాయి. స్కూలు వార్షికోత్సవాల్లో ఆడపిల్లలకి వేయించే వేషమూ అదే. కత్తి కాస్త పక్కన పెట్టి చూస్తే ఆమె ఒకరి కూతురు, ఒకరి తోబుట్టువు, భార్య, తల్లి, అమ్మమ్మ. నిజానికి ఆ బంధాల కథే ఇవాళ మనకి ఎక్కువ పనికొస్తుంది.

గణపతిదేవుడికి మగసంతానం లేదు. రుద్రమని నిడదవోలు చాళుక్యుల ఇంటి వీరభద్రుడికిచ్చి పెళ్లి చేశాడు. మరో కూతురు గణపాంబని ధరణికోట ఏలే కోట వంశపు బేతరాజుకిచ్చాడు. పెళ్లయిపోయింది కదా, ఇక పరాయింటి పిల్లేనని మాత్రం అనుకోలేదు. తను ఉండగానే రుద్రమకి రాజ్యభారం అప్పజెప్పాడు. 1262 నుంచి 1289 దాకా ఓరుగల్లుని ఆమె ఏలింది. భర్త పోయాక గణపాంబ కూడా ధరణికోటని పాలించింది.

అందరూ హర్షించారా అంటే, లేదు. ఆడది ఏలడమేమిటని సామంతుల్లో కొందరు తిరగబడ్డారు. శాసనాల్లో ఆమె పేరు 'రుద్రదేవ మహారాజు' అని మగపేరుగానూ కనిపిస్తుంది. మోటుపల్లి రాజ్యం గురించి రాసిన మార్కోపోలో ఆమె న్యాయపాలనని మెచ్చుకుంటూనే, చనిపోయిన రాజుగారి భార్య అనేశాడు. కూతురికి సింహాసనం దక్కిందన్న సంగతి అంత లోకం చూసినవాడికీ తట్టలేదేమో!

1261 నాటి మల్కాపురం శాసనం చూడండి. తండ్రి ఇచ్చిన మందడం, కూతురు ఇచ్చిన వెలగపూడి గ్రామాల ఆదాయంలో కొంత వైద్యశాలకీ, ప్రసూతిశాలకీ కేటాయించారు. 2016 నుంచి మన రాష్ట్ర సచివాలయం నడుస్తున్నది ఆ వెలగపూడిలోనే.

రుద్రమకీ కొడుకుల్లేరు. కూతురు ముమ్మడమ్మ కొడుకు ప్రతాపరుద్రుణ్ణి దత్తత తీసుకుంది. 1323 దాకా ఏలింది అతనే. అంటే కాకతీయ వంశం రెండుసార్లు ఆడపిల్ల వల్లే నిలబడింది! వంశోద్ధారకుడు కావాలని కోడళ్లని సతాయించే అత్తగార్లకి ఈ లెక్క చెప్పాలి.

పూర్వీకుల ఉమ్మడి ఆస్తిలో కూతురికి సమాన వాటా ఇస్తూ మన రాష్ట్రం 1986లోనే చట్టం తెచ్చింది. అప్పటికే పెళ్లయిపోయినవాళ్లకి అది వర్తించలేదు. 2005లో దేశమంతటికీ వచ్చిన సవరణ ఆ అడ్డు కూడా తీసేసింది. చట్టమైతే వచ్చింది గానీ, వాటా ఎంతమంది చేతికొచ్చింది?

మధురవాడనే తీసుకోండి. ఒకప్పటి ఊరు విశాఖలో కలిసిపోయింది, గజాల లెక్కన భూమి విలువ పెరిగింది. ఇలా ధర పెరిగిన ప్రతిచోటా ఆడపడుచు సంతకానికీ విలువ పెరుగుతుంది. "నీ పెళ్లికి బోలెడు ఖర్చుపెట్టాం, పసుపు కుంకుమల కింద ఇచ్చాం, ఇక్కడో సంతకం పెట్టమ్మా" అంటారు. కాదంటే పుట్టింటి గడప దూరమవుతుందని భయం. అందుకే చదవకుండానే పెట్టేస్తాం.

అన్నదమ్ములతో తగువు పెట్టుకోమని ఎవరూ చెప్పరు. ప్రేమతో వదులుకుంటే అది మీ ఇష్టం. కానీ తెలిసి వదులుకోవడం వేరు, భయపడి వదులుకోవడం వేరు. ఆ కాగితం అడిగి తీసుకుని తీరిగ్గా చదవండి. మీ వాటా ఎంతో, దాని విలువెంతో కనుక్కోండి. నమ్మకమైన లాయరుకి చూపించండి. కలం ఆ తర్వాత పట్టొచ్చు.

అమ్మలుగా మనం చేయాల్సిందీ ఒకటుంది. ఇంటి పత్రాలు ఎక్కడున్నాయో, పొలం ఎవరి పేరున ఉందో కొడుక్కి చెప్పేటప్పుడు కూతుర్ని కూడా పక్కన కూర్చోబెట్టుకోండి. పెళ్లి చేసి చేతులు దులుపుకోని తండ్రి ఏడు వందల ఏళ్ల క్రితమే ఉన్నాడు. మన ఇళ్లల్లో ఎందుకుండకూడదు?