‘సెన్సిటివ్’ గోడ

గెట్టు పంచాయితీ లేని ఊరు తెలుగునాట లేదు. జానెడు జాగ కోసం అన్నదమ్ములు తలలు పగలగొట్టుకుంటారు. దాన్ని సివిల్ తగాదా అంటారు, కోర్టుకు పొమ్మంటారు. అదే జానెడు జాగకు ఒకవైపు సాయిబు ఉన్నాడనుకోండి, అది అప్పటికప్పుడు ‘సెన్సిటివ్’ అయిపోతుంది. ఇటుక అదే ఇటుక, సిమెంటు అదే సిమెంటు. కట్టించేవాడి పేరు మారిందంతే.

మా ఇంటి వెనక ప్రహరీ సంగతే చెప్తాను. దస్తావేజు రిజిస్టరైంది. సర్వేయర్ కొలిచి హద్దురాళ్లు పాతాడు. పక్కాయన ఒప్పుకోలేదు. కోర్టుకు పోయాం. కట్టడానికి అడ్డుపడొద్దని ఇంజంక్షన్ వచ్చింది. పునాది తవ్వడం మొదలుపెట్టామో లేదో, పదిమందిని వెంటేసుకొచ్చి మేస్త్రీని తరిమాడు. ఆర్డర్ పట్టుకొని స్టేషన్‌కు పోతే వాళ్లడిగిన మొదటి ప్రశ్న: “మీ మొహల్లాల పోరగాళ్లు ఎంతమంది ఉంటరు?”

గోడ పొడవెంతో అడగలేదు. ఆర్డర్ చదవలేదు. “పండగలు దగ్గరున్నయి భాయ్, కొన్నాళ్లు ఆపుకోండి” అన్నారు. పండగ దగ్గర్లో లేని నెల ఈ దేశంలో ఏదుంది? చివరికి ఇద్దర్నీ తహసీల్దారు ముందు నిలబెట్టి బైండోవర్ చేశారు. అడ్డుపడ్డవాడూ, అడ్డుపడొద్దని ఆర్డర్ తెచ్చుకున్నవాడూ ఒకే తూకం. (అప్పుడది 107 సెక్షన్. 2024 జూలై నుంచి కొత్త చట్టంలో 126. నంబరు మారింది.) మాకు దక్కే సమానత్వం ఇదొక్కటే.

పోలీసుల మాటలో సగం నిజముంది. జాగ ఎవరిదో తేల్చే అధికారం ఎస్సైకి లేదు, ఉండకూడదు కూడా. ఉంటే అది ముందు మన మీదికే వస్తుంది. హక్కు తేలకుండా పోలీసు రక్షణ పేరుతో రిట్లు వేయొద్దని సుప్రీంకోర్టు 2006లో చెప్పింది. బాగుంది. మరి సివిల్ కోర్టు విని ఆర్డర్ ఇచ్చాక కూడా ‘సివిల్ మ్యాటర్’ అంటే ఏమిటి అర్థం? ఆర్డర్ అమలుకు పోలీసు సాయం ఇమ్మని సివిల్ కోర్టే సీపీసీ 151 కింద ఆదేశించవచ్చని ఆంధ్రప్రదేశ్ హైకోర్టు చెప్పిన తీర్పు 1971 ఏఐఆర్‌లో అచ్చయి ఉంది. ఇంజంక్షన్‌ను ధిక్కరిస్తే ఆస్తి జప్తు, మూడు నెలల దాకా సివిల్ జైలు అని ఆర్డర్ 39, రూల్ 2ఎ చెప్తోంది. ఇక బెదిరించి ఇంటి ఆవరణలోకి జొరబడితే అది సివిల్ తగాదా కాదు, నేరం. కేసు కట్టదగ్గ నేరం గురించి ఫిర్యాదు వస్తే ఎఫ్ఐఆర్ రాయాల్సిందేనని 2013లో రాజ్యాంగ ధర్మాసనమే చెప్పింది. ఇవేవీ షరియత్ నుంచి తెచ్చినవి కావు. మీ చట్టమే, మా చట్టమే.

సెక్యులర్ మిత్రులకు ఒక మాట. అల్లర్లలో ఇళ్లు కాలితే మీరు నిజనిర్ధారణకు వస్తారు, సంతోషం. ఇల్లు కాలకముందు, గోడ దగ్గర ఆగిపోయినప్పుడు కూడా రండి. అక్కడ చావులుండవు కాబట్టి వార్త కాదు. మాకు ‘మీరు వేరు’ అని తెలిసేది మాత్రం ఎక్కువగా అక్కడే.

మా పెద్దమనుషులూ తక్కువేం కాదు. “సబర్ కరో, రెండడుగులు వదిలెయ్” అంటారు. ఆ రెండడుగులు వాళ్లవి కావుగా! బేవా ఇంటి జాగలోకి సొంత కౌమ్‌లోని డబ్బున్నోడే గోడ జరిపినప్పుడూ ఇదే సబర్ బోధించారు. దూదేకుల ఇల్లయితే అసలు పంచాయితీకే రాలేదు. భయంతో వదులుకున్నదానికి మజ్హబ్ రంగు వేయడం మానండి. వదిలితే శాంతి వస్తుందని హామీ ఇచ్చేవాడు, పక్కాయన మళ్లీ జరిగినప్పుడు ఎక్కడుంటాడు?

మేం 151 పిటిషన్ వేశాం. మేం అడిగింది ఇద్దరు కానిస్టేబుళ్లు, గోడ నడుమెత్తు లేచేదాకా.