సాలిస్‌బరీ ఆటకు ఎవరి సర్టిఫికెట్టూ అక్కర్లేదు

అమెరికన్ ఫుట్‌బాల్‌లో నల్లజాతీయుల చరిత్ర ఎక్కడ మొదలవుతుందని అడిగితే ఎక్కువమంది చెప్పే పేరు విలియం హెన్రీ లూయిస్. 1892లో హార్వర్డ్ జట్టులో సెంటర్‌గా ఆడి, దేశంలోని ఉత్తమ కళాశాల ఆటగాళ్ల ‘ఆల్ అమెరికా’ జాబితాకెక్కిన తొలి నల్లజాతి ఆటగాడు. ఆ ఘనతను తక్కువ చేయాలని నాకు లేదు. నా పేచీ ఆ చరిత్ర చెప్పే తీరుతో. అదే ఏడాది డిసెంబర్ 27న నార్త్ కరొలైనా రాష్ట్రంలోని సాలిస్‌బరీలో రెండు నల్లజాతి కళాశాలలు మొట్టమొదటిసారి ఫుట్‌బాల్‌లో తలపడ్డాయి. దాన్ని మాత్రం ‘తెల్లవాళ్లు రానివ్వలేదు కనుక తమలో తాము ఆడుకున్నారు, తెల్లవాళ్లను చూసి అనుకరించారు’ అని రెండు ముక్కల్లో తేల్చేస్తారు. హార్వర్డ్‌లో జరిగింది చరిత్రట, సాలిస్‌బరీలో జరిగింది దానికి ముందుమాటట. ఈ లెక్క తప్పే కాదు, అన్యాయం కూడా.

అసలు జరిగిందేమిటో చూద్దాం. షార్లట్ నగరంలోని బిడిల్ యూనివర్సిటీ విద్యార్థులు రెండేళ్లపాటు ఈ ఆటను చదివి, సాధన చేసి, ఆ తర్వాత సాలిస్‌బరీలోని లివింగ్‌స్టన్ కాలేజీకి సవాలు పంపారు. లివింగ్‌స్టన్ కుర్రాళ్లు తలా కొంత వేసుకుని నిబంధనల ప్రకారం ఉండే బంతి కొన్నారు. ఆట దుస్తులను కాలేజీ కుట్టు విభాగంలోని అమ్మాయిలు కుట్టి ఇచ్చారు. రోజూ తొడుక్కునే బూట్లకే కింద మేకుల్లాంటి పట్టీలు బిగించుకుని, ఆట కాగానే ఊడదీసేవారు. క్రిస్మస్ వెళ్లిన రెండో రోజు, మంచు పడుతుండగా, కాలేజీ ముందున్న పచ్చిక మీద ఆడారు. లివింగ్‌స్టన్ ఆటగాడు విలియం ట్రెంట్ జారిన బంతిని అందుకుని టచ్‌డౌన్ చేశానన్నాడు. అతను బంతిని అందుకుంది మైదానం హద్దు గీత అవతల అని బిడిల్ వాళ్లు అభ్యంతరం చెప్పారు. గీతల మీద మంచు కప్పేసింది. రిఫరీ బిడిల్ పక్షానే తీర్పిచ్చాడు, బిడిల్ గెలిచింది.

ఇందులో అనుకరణ ఎక్కడుంది? ఒకరి దగ్గర ఆట నేర్చుకోవడమే అనుకరణ అయితే ఆ మాట ముందుగా హార్వర్డ్‌నే అనాలి. 1874లో కెనడా నుంచి మెక్‌గిల్ యూనివర్సిటీ జట్టు వచ్చి ఆడితే, హార్వర్డ్ వాళ్లు ఆ రగ్బీ పద్ధతికి ముచ్చటపడి దాన్నే పట్టుకున్నారు. యేల్ యూనివర్సిటీ మనిషి వాల్టర్ క్యాంప్ 1880ల్లో నియమాలు మార్చి దాన్ని ఇప్పటి ఆట వైపు నడిపించాడు. ఆయన్ని అమెరికన్ ఫుట్‌బాల్‌కు తండ్రి అంటారు, అనుకర్త అని ఎవరూ అనలేదు. ఇంగ్లండ్ నుంచి కెనడాకు, కెనడా నుంచి హార్వర్డ్‌కు చేతులు మారినంతకాలం వారసత్వం అనిపించుకున్న ఆట, షార్లట్ చేరేసరికి నకలు ఎలా అయిపోయింది?

ఆ కాలాన్ని కూడా తలుచుకోవాలి. నార్త్ కరొలైనాలో బానిసలకు చదువు చెప్పడాన్ని నేరంగా చేసిన చట్టం 1830 నాటిది. బానిసత్వం రద్దయింది 1865లో. అంటే సాలిస్‌బరీ ఆట నాటికి గడిచింది 27 ఏళ్లే. 1892లోనే 161 మంది నల్లజాతీయులను మూకలు చంపాయని టస్కీగీ ఇన్‌స్టిట్యూట్ నమోదు చేసింది. ఆ ఏడాది మే నెలలో మెంఫిస్‌లో నల్లజాతి పాత్రికేయురాలు ఇడా బి. వెల్స్ పత్రిక కార్యాలయాన్ని ధ్వంసం చేశారు. జూన్‌లో న్యూ ఆర్లియన్స్‌లో తెల్లవాళ్ల రైలుపెట్టెలో కూర్చున్నందుకు హోమర్ ప్లెసీని అరెస్టు చేశారు. అదే ఏడాది చివర ఈ కుర్రాళ్లు ఒక జట్టును కూర్చుకుని, పక్క ఊరి కాలేజీతో తేదీ కుదుర్చుకుని, రిఫరీని పెట్టుకుని, నియమాలకు కట్టుబడి ఆడారు, తీర్పు తమకు నచ్చకపోయినా. దీన్ని ‘తమలో తాము ఆడుకోవడం’ అని కొట్టిపారేయడానికి మనసెలా వస్తుందో నాకు అర్థం కాదు. బిడిల్‌కు అంతకు ఏడాది ముందే తొలి నల్లజాతి అధ్యక్షుడిగా వచ్చిన డేనియల్ శాండర్స్ బానిసగా పుట్టినవాడు. లివింగ్‌స్టన్‌ను స్థాపించింది నల్లజాతీయులు తామే నడుపుకునే ఎ.ఎం.ఇ. జయన్ చర్చి. అక్కడ బంతి ఒక్కటే కాదు, బడి కూడా వాళ్లదే.

షార్లట్‌లో స్థిరపడిన తెలుగువాళ్లకు నాదో మనవి. బీటీస్ ఫోర్డ్ రోడ్ మీద కనిపించే జాన్సన్ సి. స్మిత్ యూనివర్సిటీయే నాటి బిడిల్. పిల్లల్ని ఒకసారి అక్కడికి తీసుకెళ్లి ఈ కథ చెప్పండి.

వేరుగా ఆడాల్సి రావడం మంచిదేనని నేను అనడం లేదు. తలుపులు మూయడం నేరమే. కానీ తలుపు మూసినవాడి నేరాన్ని పట్టుకుని, బయట ఇల్లు కట్టుకున్నవాడి పనితనాన్ని తక్కువ చేయకూడదు. 1912లో హాంప్టన్, హోవర్డ్, లింకన్, షా, వర్జీనియా యూనియన్ అనే నల్లజాతి విద్యాసంస్థలు కలిసి తమ క్రీడా సంఘాన్ని పెట్టుకున్నాయి. లూయిస్ కూడా ఆకాశం నుంచి ఊడిపడలేదు. ఆమర్స్ట్ కాలేజీకి, అక్కడి నుంచి హార్వర్డ్‌కు వెళ్లకముందు ఆయన చదివింది వర్జీనియాలోని పీటర్స్‌బర్గ్‌లో, ఒక నల్లజాతి విద్యాసంస్థలోనే. హార్వర్డ్ కథ చెప్పేవాళ్లు పీటర్స్‌బర్గ్‌ను ఎందుకు దాటేస్తారు?

ఇక ట్రెంట్. టచ్‌డౌన్ దక్కని ఆ కుర్రాడే 1925 నుంచి 1957 దాకా లివింగ్‌స్టన్ కాలేజీకి అధ్యక్షుడు. నల్లజాతి కళాశాలల కోసం నిధులు సేకరించే యునైటెడ్ నీగ్రో కాలేజ్ ఫండ్ 1944లో మొదలైనప్పుడు, దాని తొలి కార్యనిర్వాహక సంచాలకుడు ఆయన కొడుకు.

ఈ కళాశాలల్ని మెచ్చుకునేవాళ్లలోనూ ఒక కొలత పాతుకుపోయింది: ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌కు ఎందరిని ఇచ్చాయి? జాక్సన్ స్టేట్ నుంచి వాల్టర్ పేటన్, మిసిసిపీ వ్యాలీ స్టేట్ నుంచి జెర్రీ రైస్ వచ్చారు, నిజమే. కానీ 1934 నుంచి 1945 దాకా ఆ లీగ్‌లో ఒక్క నల్లజాతి ఆటగాడూ లేడు. ఆ పన్నెండేళ్లూ నల్లజాతి కళాశాలల మైదానాల్లో ఆట పూర్తిగా ఆగలేదు. ఆ సీజన్లకు విలువ లేదా? దక్షిణాది పెద్ద యూనివర్సిటీలు నల్లజాతి కుర్రాళ్లకు తలుపులు తీశాక, అంతకాలం వాళ్లను తీర్చిదిద్దిన కళాశాలలకు ఆ ఆటగాళ్లు దక్కకుండా పోయారు. దాన్ని విజయం అని మాత్రమే రాసేవాళ్లు నష్టం ఎవరి ఖాతాలో పడిందో కూడా రాయాలి.

ప్రొఫెషనల్ ఆటతోనే కొలుస్తామంటే, ఆ ఆట పుట్టింది కూడా 1892లోనే. సాలిస్‌బరీ ఆటకు ఆరు వారాల ముందు, నవంబర్ 12న, పిట్స్‌బర్గ్‌లో ఒక అథ్లెటిక్ క్లబ్బు పడ్జ్ హెఫెల్‌ఫింగర్ అనే ఆటగాడికి ఒక్క ఆట కోసం 500 డాలర్లు ఇచ్చింది. ఆ తేదీని ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ పుట్టినరోజుగా చెబుతారు. లివింగ్‌స్టన్ కుర్రాళ్లు మాత్రం తమ బంతిని తామే కొనుక్కున్నారు. చరిత్ర పుస్తకంలో ఈ రెండు తేదీలనూ ఒకే పేజీలో, ఒకే సైజు అక్షరాల్లో వేయండి.