పాట యొకరిది, పైకము వేరొకరిది

ఇటీవలి జాతరలో మా చోడవరమున నొక రాత్రి తప్పెటగుళ్ల బృందమాడినది. పదునైదుగురు ఆటగాండ్రు, రొమ్మున గుళ్లు, కాళ్లకు గజ్జెలు, ఆట తెల్లవారుజాము వరకు సాగినది. చుట్టును మూగిన జనులలో సగముమంది సెల్‌ఫోను లెత్తిపట్టి చిత్రములు తీయుచుండిరి. మూడవ నాటికి ఆ యాట యూట్యూబునందు వెలసినది. దృశ్యము చక్కగనే యున్నది. క్రింద ఛానెలు పేరున్నది, దానికి చందాదారులు కండని ప్రార్థన యున్నది. ఆడినవారి పేరుగాని, వారి యూరి పేరుగాని యెచ్చటను లేదు.

చిత్రములు తీసిన యువకులను నిందించుట మా యుద్దేశము కాదు. జగిత్యాల జిల్లా లంబాడిపల్లినుండి గంగవ్వను తెలుగువారి ప్రతి యింటికి గొనివచ్చినది ఈ యంత్రమే. జావా ద్వీపమున వీథులలో పాడి జీవనమారంభించిన దిదీ కెంపొట్ అను గాయకుని 2019లో ఇండొనీషియా యువజనులు ఈ తెరమీదనే తిరిగి కనుగొనిరి. మరుసటి యేట ఆయన గతించినపుడు ఆ దేశమెల్ల దుఃఖించినది. అయితే ఆ యిరువురి విషయమున ఆటతోపాటు పేరును ప్రయాణము చేసినది. మన తప్పెటగుళ్లవానికి, జముకుల కథకునికి ఆ భాగ్యమేది?

పేరుతో పోవునది పైకము గూడ. నిర్ణీతమైన చందాదారుల సంఖ్యను, వీక్షణ కాలమును సాధించిన ఛానెలునకు దీర్ఘ దృశ్యములపై వచ్చు ప్రకటనల ఆదాయములో నూటికి 55 వంతులు ముట్టును. అది ఖాతాదారునిదే. ఆడినవానికి జాతర సంఘమువా రిచ్చిన సంభావనయు, ఒక శాలువయు మిగులును.

చట్టము లేదా యందురేమో. ఉన్నది. 1957 నాటి కాపీరైటు చట్టమునకు 1994లో జరిగిన సవరణ ప్రదర్శకునికి ప్రత్యేక హక్కు నిచ్చినది. నటుడు, గాయకుడు, నర్తకుడు మొదలుకొని గారడీవాడు, పాములవాడు సైతము అందు ప్రదర్శకులే! 2012 సవరణ మరియొక మెట్టెక్కి, ఆడినవాని పేరు ప్రకటింపవలెననియు, వాణిజ్యోపయోగమునకు రాయల్టీ యీయవలెననియు విధించినది. హక్కు ఏబది సంవత్సరములుండును. స్వంత వినోదమునకు చిత్రము తీసికొనిన దోషము లేదు. లోకమునకు చూపి ధనమార్జించినచో అనుమతి కావలెను. ఈ సంగతి పట్టణమున ప్లీడర్లకే సరిగా తెలియదు. పశువులు కాచుకొను ఆటగాని కెట్లు తెలియును?

పాట సంగతి మరింత చిక్కు. 2021లో ‘లవ్ స్టోరీ’ చిత్రమునందలి ‘సారంగదరియా’ వెలువడగానే, ఆ జానపదమును అంతకుముందే పాడిన గాయని యొకతె తన్ను విస్మరించిరని వాపోయినది. దర్శకుడు ఆమెకు పేరును పారితోషికమును ఇచ్చుట కంగీకరించెను. అది ఆయన సౌజన్యము. జానపదమున కెవరు స్వామియో మన చట్టము చెప్పదు. ఇండొనీషియావారు 2014లో చేసిన శాసనమున సంప్రదాయ కళారూపములపై హక్కు రాజ్యమునదే యని వ్రాసికొనిరి. ఆ మార్గము మాకు రుచింపదు. సర్కారు సొత్తయిన పాటను పాడుటకు పాటగాడే దరఖాస్తు పెట్టుకొనవలసిన దినము రాదని యెవరు హామీ యీయగలరు?

తాంబూల మిచ్చునపుడే అరకాగితము వ్రాసికొనిన చాలును: చిత్రము తీయవచ్చునా, తీసినచో బృందము పేరును ఊరును చూపవలెను, ఆదాయము వచ్చినచో ఇంత భాగము బృందమునకు. జాతర సంఘములవారు దీనిని నియమముగ పెట్టవలెను. చోడవరము 2022 ఏప్రిలులో విశాఖపట్టణము జిల్లానుండి అనకాపల్లి జిల్లాకు మారినది. ఆ అనకాపల్లిలోనే నూకాంబిక జాతర కొత్త అమావాస్యతో ఆరంభమగును. ఆలోపుగా వచ్చిన ఏ బృందమునకైనను ఆ కాగితమును ఫీజు లేకయే వ్రాసి యిచ్చుటకు మేము సిద్ధముగ నున్నాము.